ఉమ్మడి ఫైలు పోయిన సాయంత్రం

కంప్యూటర్ 'టంగ్' మని మోగితే ఇప్పటికీ నా చెయ్యి మౌస్ మీద ఆగిపోతుంది. తెలంగాణ వచ్చిన కొత్తలో, నల్లగొండలో నేను పనిచేసిన దినపత్రిక జిల్లా కార్యాలయంలో ఒక సాయంత్రం ఆ చప్పుడు ఎడతెగకుండా మోగింది. పేజీలు కూర్చే సాఫ్ట్‌వేర్ తెరుచుకోవడం లేదు. ఫలానా డీఎల్ఎల్ ఫైలు కనిపించడం లేదని తెర మీద ఒకటే మాట. ఆ సాఫ్ట్‌వేర్ ఉన్న కంప్యూటర్ మా దగ్గర ఒక్కటే. జిల్లా పేజీలన్నీ దాని నుంచే పోవాలి.

జరిగిందేమిటంటే, ఆపరేటర్ నరేశ్ మధ్యాహ్నం ఎవరూ వాడని ఫొటోల సాఫ్ట్‌వేర్ ఒకటి తీసేశాడు. ఈ ఫైలును వేరే ప్రోగ్రాములు కూడా వాడుతుండవచ్చు, తీసేయాలా అని కంప్యూటర్ అడిగితే, సరే అని నొక్కాడు. నార్కట్‌పల్లి నుంచి రోజూ బస్సులో వచ్చేవాడు. కొత్తగా పెళ్లయింది, ఉద్యోగం ఇంకా ఖాయం కాలేదు.

"ఏదన్న సైటుల దొరుకుతది, జల్ది దించుకుందం అక్కా," అన్నాడు సుగుణతో, చెమట తుడుచుకుంటూ. డెస్కు బాధ్యత నాది కాబట్టి నేనూ అదే అన్నాను.

సుగుణ ఒప్పుకోలేదు. ఆమె మా సిస్టమ్స్ ఇన్‌చార్జి. మక్తల్ వైపు రైతు కుటుంబం, ఎంసీఏ చదివింది, ఎవరికీ జంకే మనిషి కాదు.

"ఎవడో తెల్వనోడు ఇచ్చిన ఫైలు ఇంట్ల వెట్టుకుంటమా అన్నా? ఎవరు చెప్పిండ్రో తెల్వని వార్త నువ్వు ఏస్తవా?"

"వెయ్యను."

"మరింక కూసోని చాయ్ తాగు."

పేజీల సాఫ్ట్‌వేర్ అసలు డిస్కు తెచ్చి మళ్లీ ఎక్కించడం మొదలుపెట్టింది. అది నడుస్తుండగా, మాకు చూపించడానికి పక్క కంప్యూటర్‌లో విండోస్ ఫోల్డర్ తెరిచింది. పేరు చివర డీఎల్ఎల్ అనే ఒకే తోకతో వందల ఫైళ్లు. ఇవన్నీ ఎందుకని నరేశ్ అడిగాడు.

"మీ ఊర్ల కులసంఘం బగోనలు లేవా? లగ్గమైతే తీస్కపోతరు, తోమి మల్ల పెడతరు. ఇంటింటికి గంత బగోన ఎవలు కొంటరు? గివి గూడ గంతే. ఏ ప్రోగ్రాముకు పనివడితే అది వాడుకుంటది. ఒక లగ్గం అయిపోయిందని నువ్వు బగోననే పాతసామాన్లోనికి అమ్మినవ్. ఎనక లగ్గమోళ్లు దేంట్ల వండుకోవాలె?"

"మా లగ్గంల గా సంఘం బగోననే మాడిందక్కా," అన్నాడు నరేశ్.

"అయితే నీకు అలవాటే!"

ఆ భయంలోనూ అతను నవ్వాడు.

ఆమె ఏ ఫైలునూ కదిలించలేదు. ఎవరు తయారుచేశారు, ఏ వెర్షన్, డిజిటల్ సంతకం ఉందా, ఏయే ప్రోగ్రాములు వాడుకుంటున్నాయి అని చూసి వేరు చేసింది. విండోస్‌తో వచ్చినవి కొన్ని, ఒక్కో సాఫ్ట్‌వేర్ తన సొంతానికి తెచ్చుకున్నవి కొన్ని, పలు ప్రోగ్రాములు పంచుకునేవి కొన్ని. ఎక్కడివో తెలియనివి చివరికి మిగిలాయి. వాటిని తీసేయొచ్చు కదా అన్నాను.

"తేలలేదంటే చెడ్డదని కాదన్నా. తేలలేదు, గంతే."

అన్నేళ్లు వార్తలు దిద్దినా, నిజం కాని వార్తనూ ఇంకా తేలని వార్తనూ నేను ఒకే బుట్టలో వేసేవాణ్ని. ఆ తర్వాత మానుకున్నాను. తేలని వార్తను పక్కన పెట్టి, విలేకరికి మళ్లీ ఫోన్ చేయడం అలవాటైంది. డెస్కు మీదికి కొత్తగా వచ్చినవాళ్లకూ అదే నేర్పాను.

సాఫ్ట్‌వేర్ మళ్లీ తెరుచుకుంది. పేజీలు వెళ్లాయి, కానీ ఆలస్యంగా. తిరుమలగిరికి పత్రిక పొద్దెక్కాక చేరింది. ఏజెంటు ఫోన్ చేసి తిట్టాడు. హైదరాబాద్ హెడ్డాఫీసు నుంచి, ఎవరు చేశారో పేరు పంపమని అడిగారు. నరేశ్ ఆ రోజు అన్నం డబ్బా తెరవలేదు. సుగుణ కారణం రాసింది, పేరు రాయలేదు. మళ్లీ అడిగారు.

"ఇచ్చెయ్ సుగుణా, వాళ్లు వదలరు," అన్నాను.

"పిలగానికి నేర్పంది నేను. పేరే గావాల్నంటే నాది రాస్కోమను."

అదే రాసి పంపింది.

నరేశ్ ఉద్యోగం ఖాయమైంది. ఆ ఏడాది చివర సుగుణ కాంట్రాక్టు పొడిగించలేదు. ఆ సాయంత్రమే కారణమా అని నేను హైదరాబాద్‌కు రాసి అడిగాను. నేను పదవీ విరమణ చేసేదాకా జవాబు రాలేదు.