మడి కోసం బిగించిన షవర్

దయ్యాలంటే నాకు నమ్మకం లేదు. ఇప్పటికీ లేదనే అనుకుంటున్నాను. తిరుపతిలో ఒక ప్రైవేటు ల్యాబులో టెక్నీషియన్‌గా పనిచేస్తాను. ఎవరికైనా పూనకం వచ్చిందంటే, "ముందు ఆమె హిమోగ్లోబిన్ ఎంతుందో చూడండి" అనే రకం మనిషిని. అందుకే ఈ సంగతి ల్యాబులో ఎవరికీ చెప్పలేదు. చెబితే నా రక్తమే తీస్తారు.

మా మామగారు కొండ మీద గుడి పనిలో ఉండి, అదే పనిలో కన్నుమూశారు. అత్తమ్మకు ఆయన తర్వాత మిగిలింది మడి ఒక్కటే. పొద్దున్నే స్నానం చేసి, ఎవరూ తాకకుండా ఆరేసిన చీర కట్టుకుని, పూజ ముగించేదాకా ఆమెను ఎవరూ ముట్టుకోకూడదు. మనవరాలు పరిగెత్తుకుంటూ వచ్చినా చెయ్యెత్తి "ఆడనే ఉండు" అని ఆపేసేది. షుగరు మాత్ర మింగడానికి తప్ప, పూజ కాకుండా పచ్చి మంచినీళ్ళు కూడా ముట్టదు.

పోయినేడాది బాత్రూములో జారిపడి తుంటి ఎముక విరిగింది. ఆపరేషన్ అయింది. వాకరు పట్టుకుని నడవడం మొదలుపెట్టాక డాక్టరు గట్టిగా చెప్పాడు, ఇంకోసారి పడితే ఇక మంచమేనని, స్నానానికి తోడు లేకుండా పంపొద్దని. ఆమె ససేమిరా అంది. "నువ్వు నన్ను పట్టుకున్నాక ఇంక మడి యాడుంటాదే?" అని నా మీదికే వచ్చింది. పోనీ ఒక్కతే పోతుందా అంటే, గడప దగ్గరే కాళ్ళు వణికి వెనక్కి వచ్చేసేది. స్నానం లేదు, పూజ లేదు, తిండి లేదు. పాలు తాగించడానికి కూడా బతిమాలాల్సి వచ్చింది. కళ్ళ ముందే మనిషి చిక్కిపోతుంటే నాకు నిద్ర పట్టేది కాదు.

అప్పుడు తట్టింది నాకు, స్టూలు మీద కూర్చుని చేత్తో పట్టుకుని పోసుకునే షవర్ పెడితే సరిపోతుంది కదా అని. చెంబు ముంచి ఎత్తే పని ఉండదు, వంగే పని ఉండదు.

రేణిగుంట రోడ్డులో ఒక పెద్ద షాపుకు పోయాం. గోడ నిండా షవర్లు. మా ఆయన కళ్ళు పళ్ళెమంత వెడల్పున్న వాన షవర్ మీద పడ్డాయి. "హోటల్లో మాదిరి ఉంటాది, సూడు!" అని అక్కడే నిలబడిపోయారు. స్నానం చేసేది మీరా మీ అమ్మా అని అడిగి పక్కకు లాక్కొచ్చాను. చివరికి నిలువు కడ్డీ మీద పైకీ కిందికీ జరిపే హ్యాండ్ షవర్, వేడినీళ్ళూ చన్నీళ్ళూ కలిపే మిక్సరు, పట్టుకుని లేవడానికి గోడకు బిగించే స్టీలు పిడి తీసుకున్నాం. మా బోరు ఉప్పునీళ్ళకు చిల్లులు పూడిపోతాయని షాపాయన చెబితే, వేలితో రుద్దితే శుభ్రమయ్యే రబ్బరు చిల్లులున్న షవరే ఏరుకున్నాం.

అత్తమ్మ దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, ఈ గొట్టంలో వచ్చే నీళ్ళకు మడి ఉంటుందా అని అడిగింది. "కొళాయి కూడా గొట్టమే కదమ్మా!" అన్నారు మా ఆయన. ఆమె దాన్ని నా చేతికిచ్చి సరేనంది.

ప్లంబరు మునెయ్య వచ్చి బిగించాడు. ఒక టైలు పగిలింది, దానికి వాడికీ నాకూ కాస్త మాటలయ్యాయి, అది వేరే సంగతి. లోపలి గడియ కూడా పీకేయమన్నాను. అత్తమ్మ ఒప్పుకోలేదు. గడియ లేకుంటే స్నానమే వద్దంది. చేసేది లేక వదిలేశాను. నేను చేసిన పిచ్చిపని అదే.

మొదటి రోజు తలుపుకు చెవి ఆనించి నిలబడ్డాను. లోపల ఆమె ఎవరితోనో మాట్లాడుతోంది. "రవ్వంత కిందికి. ఆ, సాలు. ఈపు మీద పొయ్యి."

నాకు భయమేసింది. దయ్యమని కాదు. ఆపరేషన్ తర్వాత కొందరు పెద్దవాళ్ళకు మతి తప్పుతుందని నాకు తెలుసు. బయటికి వచ్చాక, లోపల ఎవరితో మాట్లాడుతున్నారని అడిగాను. ఆమె నన్నొక చూపు చూసి, "నీకు తెలీదా?" అని నవ్వింది. ఆ నవ్వు నాకేం బాగా అనిపించలేదు.

ఇంకోటి కూడా ఉంది. కడ్డీ మీద షవర్‌ను జరపాలంటే దాని మర తిప్పి వదులు చెయ్యాలి. మునెయ్య ఎంత బిగించాడో ఏమో, నాకే రెండు చేతులూ కావాల్సి వచ్చేది. పడ్డప్పటి నుంచి అత్తమ్మ కుడి చెయ్యి భుజం దాకా కూడా లేవదు. అయినా ఆమె స్నానం చేసి వచ్చాక చూస్తే షవర్ స్టూలు ఎత్తుకు దిగి ఉండేది. మునెయ్యను మళ్ళీ పిలిపించాను. వాడు కడ్డీ పట్టుకుని వేలాడినంత పనిచేసి, "ఇది దానంతట అది జారే రకం కాదక్కా, ఎవురో తిప్పతా ఉండారు" అన్నాడు.

అత్తమ్మ మాత్రం తేరుకుంది. పూజ చేస్తోంది, తింటోంది, నా సాంబారుకు వంకలు కూడా పెడుతోంది. మా ఆయనకు చెబితే, "అమ్మ బాగుండాది కదా, నీకెందుకు లేనిపోని బాధ?" అన్నారు. నేనేమో ఆమె లోపలున్నంతసేపూ తలుపు దగ్గర నుంచి కదిలేదాన్ని కాదు. లేని మనిషిని నమ్ముకుని ఆనుకుంటే ఏమవుతుంది? ఆ ఆలోచనతోనే చచ్చేదాన్ని.

ఒక శనివారం పొద్దున అత్తమ్మ మాటలు ఉన్నట్టుండి ఆగిపోయాయి. నీళ్ళ చప్పుడు మాత్రం వస్తోంది. పిలిచాను. పలకలేదు. తలుపు బాదాను. అప్పటికే మా ఆయన డ్యూటీకి వెళ్ళిపోయారు. నా అరుపులకు ఎదురింటి రెడ్డెమ్మ పరిగెత్తుకొచ్చింది. ఇద్దరం భుజాలతో తోశాం. తలుపు కదల్లేదు. "రోకలి తెస్తా ఉండు!" అని రెడ్డెమ్మ వెనక్కి తిరిగింది.

అప్పుడు నీళ్ళ చప్పుడు ఆగింది. లోపల గడియ కీచుమంది. తలుపు తెరుచుకుంది.

అత్తమ్మ అవతలి గోడకు ఆనుకుని స్టూలు మీద ఉంది. తల పక్కకు వాలిపోయి ఉంది. స్పృహ లేదు. మిక్సరు కట్టేసి ఉంది. ఒంటి మీద పొడి తువాలు కప్పి ఉంది. గడియ దగ్గర ఎవరూ లేరు. రెడ్డెమ్మ నా చెయ్యి పట్టుకుని, "గోవిందా, గోవిందా" అంటూ ఉండిపోయింది. ఒట్టేసి చెబుతున్నాను, ఆమె కూడా విన్నది, చూసింది.

పరగడుపున మాత్ర వేసుకోవడంతో షుగరు పడిపోయిందట. ఆ స్థితిలో ఆమె లేచి నిలబడే ప్రశ్నే లేదన్నాడు డాక్టరు. ఇంకాస్త ఆలస్యమైతే మనిషి దక్కేది కాదట.

మేం కట్టుకోకముందు ఈ ఇంటి జాగాలో వేరుశెనగ చేను ఉండేది. ఇక్కడ చచ్చినవాళ్ళు ఎవరూ లేరు. అది కూడా ఊరంతా విచారించాను.

ఆసుపత్రి నుంచి వచ్చిన సాయంత్రం అత్తమ్మ నన్ను దగ్గర కూర్చోబెట్టుకుంది. "ఏమ్మే, ఇంక దాపరికమెందుకు? నేను పొయ్యేతలికే నువ్వు లోపల నిలబడి ఉంటావని నాకు తెలీదనుకున్నావా? కళ్ళజోడు లేకుంటే మొగం కనపడదు గానీ, మనిషి కనపడదా? మడి పోతాదని నోరు మెదపకుండా పట్టుకుంటా ఉన్నావు. నేనూ తెలీనట్టే ఊరుకున్నా. నా ప్రాణం నిలబెట్టినావు. ఇంక మడీ వద్దు, గిడీ వద్దు. రేపటి నుంచి తలుపు తీసే ఉంచుతా, అగుపడేట్టుగానే రా."

నేను ఒక్కరోజు కూడా లోపలికి పోలేదు. ఆ మాట చెబితే ఆమె మళ్ళీ ఆ గడప దాటదు. "అట్లాగే అత్తమ్మా" అన్నాను. ఆ రాత్రంతా ఏడ్చాను, భయంతోనో మరెందుకో తెలియదు.

మరునాడు ఆమెతో పాటు లోపలికి పోయాను. స్టూలు దగ్గరికి వచ్చాక వాకరు వదిలి ఆమె నా వైపు చూసింది. తర్వాత నా పక్కకు చూసింది.

"ఈరోజు ఇద్దురొచ్చినారేమి?" అంది.

"నేనొక్కదాన్నే అత్తమ్మా" అన్నాను.

"అట్లనా" అంటూ ఆమె రెండు చేతులూ చాచింది. ఎడమ చెయ్యి నేను పట్టుకున్నాను. ఎప్పుడూ పైకి లేవని ఆ కుడి చెయ్యి నాకు అవతలి వైపు గాల్లోకి లేచి, దేన్నో పట్టుకున్నట్టు వేళ్ళు ముడుచుకుంది. ఆమె బరువు నా చేతి మీద సగమే పడింది. తూలకుండా మెల్లగా కూర్చుంది. మిగతా సగం బరువు ఎవరు మోశారో నాకు ఇవాళ్టికీ తెలియదు.