గరుకు వైపే బయటికి

అనురాధకు కోపం వస్తే సూది పెదాల మధ్య పెట్టుకుంటుంది. నోరు జారకుండా అదొక తాళం. షికాగో శివారు నేపర్‌విల్ తెలుగు ఇళ్ళలో ముప్పావు వంతు జాకెట్లు ఆమె బేస్‌మెంట్‌లో కుట్టినవే. వారానికి రెండు రోజులు మాత్రం రైలెక్కి షికాగోలోని ఒక మ్యూజియానికి వెళ్తుంది. అద్దాల పెట్టెల్లో పెట్టే పాత బట్టల్ని అట్టల మీద కుట్టి నిలపడం అక్కడ ఆమె పని. ఆ బుధవారం పొద్దున తొమ్మిదింటికే సూది పెదాల మధ్యకు చేరింది.

బల్ల మీద ఉన్నది తోడాల దుప్పటి. నీలగిరుల్లో గేదెలు మేపుకునే ఆ మనుషులు దాన్ని పుట్కుళి అంటారు. ఒంటికి చుట్టుకుంటారు, పోయినవాళ్ళకీ చుడతారు. తెల్లటి ముతక నూలు, దాని మీద ఎరుపు నలుపు దారాల కుట్టు. నూరేళ్ళకు పైగా అయింది, ఒక తెల్ల అధికారి ఆ కొండలెక్కి, మనుషుల తలలూ ముక్కులూ కొలిచి, నోట్‌బుక్ నిండా అంకెలు రాసుకుని, పోతూ పోతూ దీన్నీ పట్టుకుపోయాడు. ఎవరు కుట్టారో రాయలేదు. కుట్టిన మనిషి ముక్కు పొడవు మాత్రం ఏదో పేజీలో ఉండే ఉంటుంది, అంత శ్రద్ధ మరి! దుప్పటి గురించి ఒక్క ముక్క రాశాడు: నునుపు వైపు బయటికి.

అది తప్పు. తప్పని అనురాధకు ఎలా తెలుసంటే, అదే తప్పు ఆమె ఇంట్లోనూ జరిగింది. నాన్న ఊటీ రైల్వే స్టేషన్‌లో గుమాస్తా. వాళ్ళ క్వార్టర్స్‌కి పైన తోడాల ఊరు. అక్కడి ముసలావిడ, అందరూ అరవంలో పాటి, అంటే అవ్వ, అని పిలిచేవాళ్ళు, అమ్మకు ప్రేమగా శాలువా కుట్టి ఇచ్చింది. అమ్మ నునుపు వైపు బయటికి పెట్టుకుని రెండు చలికాలాలు కప్పుకు తిరిగింది. పాటి రోజూ చూస్తూనే ఉంది, ఒక్క మాటా అనలేదు. చివరికి ఆమె దగ్గర కుట్టు నేర్చుకుంటున్న పదేళ్ళ అనురాధ అడిగితే, దారాలు లేచి వేళ్ళకు తగిలే గరుకు వైపే తమకు అందమని చెప్పింది. ఆ సాయంత్రం అమ్మ సిగ్గుతో చచ్చిపోయింది. పాటి పోయినప్పుడు ఆవిడకు చుట్టిన పుట్కుళిని అనురాధ దగ్గరుండి చూసింది. గరుకు వైపే బయటికి ఉంది.

"మైత్రీ, దీన్ని తిరగెయ్యాలమ్మా," అంది సూది తీసి.

ఈ ప్రదర్శనకు మైత్రే పెద్ద. నేపర్‌విల్‌లో పుట్టి పెరిగి పీహెచ్‌డీ చేసిన తెలుగు పిల్ల. మొదటి పరికిణీ జాకెట్ దగ్గర్నుంచి అన్నీ అనురాధ కుట్టినవే.

"ఆంటీ, నోట్‌బుక్‌లో క్లియర్‌గా ఉంది కదా. ఫ్రైడే ఓపెనింగ్. ప్లీజ్, కుట్టేయండి."

"ఒకసారి కుడితే మళ్ళీ విప్పలేం. పాత నూలు, చిరుగుతుంది. ఇంక ఎప్పటికీ ఇలాగే ఉండిపోతుంది."

"ఐ నో. అందుకే సోర్స్ ఫాలో అవుతున్నా."

దుప్పటిలో మెడ దగ్గరికి వచ్చే అంచును అనురాధ చూపించింది. "ఈ మరక చూడు. చెమట. నునుపు వైపే ఉంది. చెమట ఒంటి వైపు అంటుతుందా, గాలి వైపు అంటుతుందా?"

"అది డాక్యుమెంటేషన్ కాదు ఆంటీ. అండ్... మీరు తోడా కాదు కదా."

ఆ మాట చెంప మీద కొట్టినట్టే తగిలింది, నిజం కాబట్టి.

"కాదు. నీ దొర తోడానా?" అనురాధ గొంతు లేచింది. "పాటి మనవరాలు ఊటీలో టీచర్. పోయిన నెలే నంబర్ ఇచ్చాను. కాల్ చేశావా?"

"టైం దొరకలేదు. మీరు కుట్టకపోతే ఇంకెవరితోనైనా కుట్టిస్తాను."

అనురాధకు ఒళ్ళు మండిపోయింది. వంగి తన సంచిలోంచి మైత్రి జాకెట్ తీసింది. శుక్రవారం కట్టుకోబోయే పట్టుచీర మీదకి, రాత్రే పూర్తి చేసింది. దాన్ని లోపలి వైపు పైకొచ్చేలా తిప్పింది. లైనింగూ, అతుకులూ, అంచున వదిలిన బట్టా అన్నీ బయటపడ్డాయి. అలాగే మైత్రి చేతిలో పెట్టింది.

"శుక్రవారం ఇలాగే వేసుకుని రా."

మైత్రి నవ్వబోయింది. "ఆంటీ, లైనింగ్ బయటికి ఉంది."

"నీకెలా తెలుసు? ఎందులో రాసి ఉంది?"

"రాసి ఉండటం ఏంటి? మనవాళ్ళందరికీ తెలుసు."

"వాళ్ళకీ తెలుసు మైత్రీ."

మైత్రి జాకెట్ పక్కన పెట్టింది. తర్వాత కళ్ళద్దాలు పైకి తోసి, బల్ల మీదకి వంగి, ఆ మరకను చాలాసేపు చూసింది.

"ఇప్పుడు ఊటీలో టైమెంత?"

"రాత్రి ఏడున్నర. ఇంట్లోనే ఉంటుంది."

"అయితే మీరు మాట్లాడండి ఆంటీ."

అనురాధ కోపం ఇంకా దిగలేదు. నంబర్ నొక్కి, అవతల రింగ్ అవుతుండగానే ఫోన్ మైత్రి చేతికిచ్చింది.

"నేను తోడా కాదు కదా. నువ్వే అడుగు."

సూదికి దారం ఎక్కించకుండా, చేతులు కట్టుకుని, అవతలి గొంతు వినపడే దాకా అక్కడే నిలబడింది.