ఐదో వాకిలి

సిరిసిల్లలో మగ్గం నేసే లక్ష్మీరాజం తన నీడను తానే నమ్మేవాడు కాదు. మజ్జిగ పోసిన చేతిని ఒకసారి చూసి, గ్లాసు వాసన చూసి, అప్పుడు గాని తాగేవాడు కాదు. నిజాం రాజ్యం పోయిందని ఊరంతా సంబరపడుతుంటే, "పోయినట్టు ఎవలు జూసిండ్రు?" అని అడిగిన మనిషి. అటువంటివాణ్ణి నమ్మి గురువు తన గ్రంథంలో ఒక పలుకు ఎట్లా అప్పజెప్పాడో ఆ గురువుకే తెలియాలి.

ఆ గ్రంథానికి కాగితం లేదు, తాటాకు లేదు. అందులో ఉన్నది పొద్దెరుగని పట్నమని ఎక్కడా లేని పట్నం ఒకటి. దానికి ఏడు వాకిళ్లు, వాకిలికొక పలుకు. ఏడుగురు శిష్యుల చెవుల్లో తలా ఒకటి ఊది గురువు సమాధి అయ్యాడు. ఎవరి పలుకు వాళ్లు తమ ఇంట్లో ఒక్కరికే చెప్పాలి. పన్నెండో ఏట ఆ వారసులంతా కూడి పాడాలి. గ్రంథం మొత్తం లోకానికి మొదటిసారి వినబడేది ఆనాడే. ఒక్క పలుకు తప్పినా పట్నానికి దారి మూసుకున్నట్టే.

లక్ష్మీరాజానిది ఐదో వాకిలి. "ఐదో వాకిట తలుపే లేదు, ఎవలొచ్చినా వెంట తోలుకపో." మగ్గంలో నూలు నాడెను అటూ ఇటూ ఆడించినప్పుడల్లా మనసులో అనుకునేవాడు. పెదవి మాత్రం కదలనిచ్చేవాడు కాదు.

మరి ఎవరికి చెప్పాలి? కొడుకు అంబదాస్ షోలాపూర్ మిల్లులో ఉన్నాడు. పదిమంది నడుమ పడుకునేవాడు, నిద్రలో కలవరిస్తే? మిగిలింది కోడలు నర్మద. ఆడవాళ్ల నోట నువ్వుగింజ నానదంటారు, ఈమె నోరు ఎట్లాంటిదో! ముందు పరీక్ష పెడదామనుకున్నాడు. అప్పటికప్పుడు ఒక దొంగ పలుకు అల్లి ఆమె చెవిలో ఊదాడు. "ఐదో వాకిట గడియ ఉన్నది, వెనకొచ్చెటోని నమ్మకు."

నర్మద కళ్లకద్దుకున్నంత భక్తిగా వింది. ఆ మరునాడే లక్ష్మీరాజం పక్కింటి యాదవ్వను ఉసిగొల్పి, తాను గోడ చాటున నిలబడ్డాడు.

"గా ముసలోడు చెవుల ఏం జెప్పిండే? నాకు జర చెప్పరాదు."

"నా పానం పోయినా చెప్పనక్కా. నన్ను నమ్మి చెప్పిండు మామ."

ఇంకొకడైతే పొంగిపోయేవాడు. ఈయనకు మాత్రం, యాదవ్వ ముందే కన్నుగీటిందేమోనని కొత్త శంక పుట్టింది. ఉగాది పోనీ, అసలు పలుకు చెబుదామనుకున్నాడు. ఉగాది పోయింది. కొండగట్టు అంజన్నను చూసొచ్చాక అనుకున్నాడు. చూసొచ్చాడు, చెప్పలేదు. ఒకనాడు పొద్దున మగ్గం గుంటలోనే కుడిపక్క పడిపోయింది, నాలుక మెలిపడింది. అక్షరం రానివాడు, రాసి చూపే దారి కూడా లేదు. గొంతులో గురగురమంటే నర్మద నీళ్లు తాగించేది.

పన్నెండో ఏడు రానే వచ్చింది. గురువు శిష్యుల్లో పెద్దవాడు, అత్తరు అమ్మే ఖయ్యూం సాబ్. కరీంనగర్‌లో ఆయన ఇంటి ముంగిట కూటమి. లక్ష్మీరాజాన్ని బస్సులో తీసుకొచ్చి గోడకు ఆనించి కూర్చోబెట్టారు. నాలుగో వాకిలి అయింది. నర్మద లేచి కొంగు సర్దుకుని, తనకు చెప్పింది చెప్పినట్టు రాగం తీసి పాడింది.

లక్ష్మీరాజం తల అడ్డంగా ఊపాడు.

"ఏంది భాయ్, తప్పు పాడిందా?" అన్నాడు ఖయ్యూం సాబ్.

కూటమి కళ్లన్నీ నర్మద మీదికి తిరిగాయి. మరిచిపోయిందని ఒకరు, కావాలని మార్చిందని ఇంకొకరు గుసగుసలాడారు. ఆ చూపులను లక్ష్మీరాజం ఎరుగును. జన్మంతా అందరినీ తాను చూసిన చూపులే అవి.

నర్మద వచ్చి ఆయన ముందు కూలబడింది. "ఒక్క మాట గూడ మారలే మామా. నీకు బువ్వ తినిపిచ్చిన, నీళ్లు వోసిన. గిప్పుడు గూడ నన్ను నమ్మవా?"

మళ్లీ అడ్డంగా ఊపితే గ్రంథం చెడగొట్టిన మనిషని బతికినన్నాళ్లు ఆమెను వేలెత్తి చూపుతారు. మోసం ఎవరిదో చెప్పడానికి తనకు నోరు లేదు. కోడలి ముఖం కేసి చూశాడు. అవునని తల ఊపాడు.

"అనుండ్రి అందరు," అన్నాడు ఖయ్యూం సాబ్.

"వెనకొచ్చెటోని నమ్మకు," అని కూటమంతా ఒక్క గొంతుతో అంది. పిల్లలు కూడా అన్నారు. లక్ష్మీరాజం వలవల ఏడ్చాడు, ముసలాయనకు ఎంత సంతోషమోనని నర్మద కొంగుతో కళ్లు తుడిచింది.