నేను కొట్టేసిన సగం పేజీ

ఆమె చెయ్యి నా మోచేతి మీద నుంచి జారిపోయిన క్షణంలోనే నాకు ప్రమాదం తెలిసింది. ఏలూరులో పుస్తకావిష్కరణ సభ. మేమిద్దరం రెండో వరసలో పక్కపక్కన కూర్చున్నాం. వేదిక మీద ఒక డిగ్రీ విద్యార్థిని, నా పక్కనున్న ఆమె రాసిన కథ చదువుతోంది. నా పక్కనున్న ఆమెకు రెండో ఏటి నుంచీ చూపు లేదు. కొత్త చోట కూర్చున్నా సరే, నా మోచెయ్యి పట్టుకుని ఉండడం అలవాటు. "వాన పెద్దదైంది. ఇద్దరం చెరువు గట్టు మీద మేత షెడ్డులోకి పరుగెత్తాం" అని చదివి, ఆ అమ్మాయి ఊపిరి తీసుకుని, "మర్నాడు పొద్దున్నే చేపల లారీ వచ్చింది" అంది.

ఆ రెండు వాక్యాల మధ్య సగం పేజీ ఉండాలి. లేదని ఆ హాల్లో తెలిసినవాళ్లం ముగ్గురం: తీసేయమన్న పెద్దమనిషి, తీసేసిన నేను, అప్పుడే విన్న ఆమె.

ఆమెది కలిదిండి దగ్గర ఒక పేట. దళిత క్రైస్తవ కుటుంబం. వాళ్ల నాన్న ఎన్నో చేపల చెరువులు తవ్వాడు, ఒక్కటీ ఆయనది కాదు. మాది ఏలూరులో కిరాణా కొట్టు నడిపే వైశ్య కుటుంబం. మామూలుగా అయితే మేమిద్దరం ఒకే బల్ల ముందు కూర్చునే వీలే లేదు. పరీక్ష కూర్చోబెట్టింది. చూపు లేనివాళ్లు చెబుతుంటే పరీక్ష రాసిపెట్టే మనిషిని స్క్రైబ్ అంటారు. ఆ మనిషి వాళ్లకంటే తక్కువ చదువులో ఉండాలని నియమం. ఆమె డిగ్రీ చివరి సంవత్సరం, నేను ఇంటర్. మా లెక్చరర్ పంపితే వెళ్లాను. పుణ్యం వస్తుందని మా అమ్మ సంతోషపడింది.

మొదటి పరీక్షలోనే నేను ఆమె వాక్యాలను కాస్త నున్నగా చేసి రాశాను. ఆమె చదివి వినిపించమంది. విని, "ఈ 'అభాగ్యులు' ఎవరండీ? నేను కూలోళ్లని చెప్పేను" అంది.

"బాగుంటుందని రాశాను."

"బాగుండక్కర్లేదండీ. నేను చెప్పింది రాయండి. మార్కులు పోతే నావే పోతాయి."

పరీక్షలు అయిపోయినా నేను వెళ్లడం మానలేదు. ఆదివారాలు ఆమె చర్చి నుంచి వచ్చాక కొల్లేరు వైపు బస్సెక్కేవాళ్లం. పక్షుల గురించి చెప్పమని అడిగేది. నేను "తెల్లగా, అందంగా ఉన్నాయి" అంటే, "పెళ్లి సంబంధం చెబుతున్నావా? ఏం చేస్తున్నాయో చెప్పు" అని వెక్కిరించేది. పదిమందిలో నన్ను 'మీరు' అనేది. ఇద్దరమే ఉంటే 'నువ్వు'. మేము ప్రేమించుకున్నాం. ఈ మాట ఇంత సూటిగా రాయడం నాకిదే మొదటిసారి. పిల్లలు పడుకున్నాక, తలుపు వైపు ఒక చెవి వేసి రాస్తున్నాను.

తర్వాత నాకు తాడేపల్లిగూడెం ఉల్లిపాయల వ్యాపారస్తుల ఇంటి సంబంధం వచ్చింది. చేసుకుని ఆ ఇంటి కోడలినయ్యాను. నన్నెవరూ కట్టేసి తీసుకెళ్లలేదు. ఆమెకు పెదపాడు దగ్గర స్కూల్లో సోషల్ టీచరు ఉద్యోగం వచ్చింది. నెలకో ఆదివారం ఆరాధన అయ్యాక రైలెక్కి మా ఇంటికి వచ్చేది. పిల్లలు పెద్దమ్మా అంటారు. మా అత్తగారు ఆమెకు ఇచ్చే గ్లాసు వేరు. నేను అదీ చూస్తూ ఊరుకున్నాను. ఆమె ఒకసారి గ్లాసు అంచు తడిమి, "ఇది నా గ్లాసే. సొట్ట గుర్తుపట్టేను" అని నవ్వింది. నేను కూడా నవ్వాను. ఇప్పుడు తలుచుకుంటే ఆ నవ్వు మీదే ఎక్కువ అసహ్యం.

ఆమె కథలు రాయడం మొదలుపెట్టాక నేను మళ్లీ స్క్రైబునయ్యాను. ఫోన్‌లో మాట చెబితే అక్షరాలు పడతాయి, ఫోనే చదివి వినిపిస్తుంది. అంతవరకూ ఆమెకు నా అవసరం లేదు. కానీ ప్రెస్సువాళ్లు పేజీలు కట్టి పంపే ప్రూఫుల్లోని అక్షరాలను ఆమె ఫోన్ చదవలేదు, అర్థం కాని గోల చేస్తుంది. అక్కడ నా కళ్లు కావాలి. పత్రికల్లో వచ్చిన కథలన్నీ అలాగే చూసిపెట్టాను. ఒక్క అక్షరం మార్చలేదు.

ఈసారి ఒక సాహిత్య సంస్థ సంకలనం వేస్తోంది. అందరూ పక్కకు నెట్టేసినవాళ్ల కథలట. ప్రూఫులు వచ్చిన రోజే సంపాదకుడు నాకు ఫోన్ చేశాడు. రిటైరైన లెక్చరరు, ఎన్నో ఊరేగింపుల్లో నడిచిన మనిషి.

"అమ్మా, కథ అద్భుతమండీ. కులం ఉంది, అంధత్వం ఉంది, చెరువుల కబ్జా ఉంది. ఆ షెడ్డులో పేరా ఒక్కటే... ఇద్దరాడపిల్లలు... ఉద్యమానికి దానివల్ల ఉపయోగమేంటి చెప్పండి? రేపు కథలో మిగతాదంతా వదిలేసి దాన్నే పట్టుకుంటారు. నేను వద్దనట్లేదండోయ్. మీరు దగ్గరివాళ్లు కదా, నచ్చజెప్పండి."

ఆయన అన్నాడని నేను తీసేయలేదు. ఆ పేరాలో గుడ్డి అమ్మాయి అంటుంది: 'ఎడమ చేతి చిటికెనవేలు లోపలికి వంగి ఉంటుంది. వందమంది చేతులిచ్చినా ఆ వేలు నేను పట్టుకుంటాను.' ఆ వేలు నాది. మా వీధిలో నన్ను వంకరవేలి కోడలు అంటారు. మా మరిది పుస్తకాలు కొంటాడు. ఇది బయటపడితే పిల్లల్ని నా దగ్గర ఉంచరు. ఇది ఊహ కాదు. మా ఆయన చుట్టాల్లో ఒకావిడ పుట్టింటికి వెళ్లి తిరిగొచ్చేసరికి పిల్లల్ని వేరే ఊరి స్కూల్లో వేసేశారు, ఇంతకంటే చిన్న అనుమానానికే.

పేరా మొత్తానికి అడ్డంగా గీత కొట్టి, ఫొటో తీసి సంపాదకుడికి పంపాను. సాయంత్రం ఆమె ఫోన్ చేసింది, ప్రూఫు చదవమని. చదివాను. షెడ్డు దగ్గరికి రాగానే కొట్టేసిన పేరాను కూడా ఉన్నట్టే చదివాను. ఆమె చివరిదాకా విని, "అచ్చులో కూడా అలాగే ఉందా?" అంది. "అలాగే ఉంది" అన్నాను. "ఆ పెద్దాయన కత్తెరేస్తాడనుకున్నా. మంచోడే పాపం" అంది.

సభలో చదవడం అయిపోయింది. చప్పట్లు కొట్టారు. అంతకుముందే చక్రాల కుర్చీలో వచ్చిన ఒక కవిని నలుగురు ఎత్తుకుని మెట్లెక్కించి ఫొటో దిగారు. ఆ హాలుకు ర్యాంపు లేదు. ఇప్పుడు ఆమెను పిలిచారు. నేను లేచి మోచెయ్యి అందించాను. ఆమె మడత కర్ర విప్పుకుంది. మెట్లు తనే లెక్కపెట్టుకుంటూ ఎక్కింది.

"నమస్కారమండీ. ఆ అమ్మాయి బాగా చదివింది. కాకపోతే నా కథలో సగం పేజీ లేదండీ."

సంపాదకుడు లేచాడు. "ప్రెస్సులో పొరపాటై ఉంటుందమ్మా, మలి ముద్రణలో..."

"పర్లేదండీ, నాకు కంఠతా వచ్చు. కళ్లున్నోళ్లయితే కాగితాన్ని నమ్ముకుంటారు."

కొందరు నవ్వారు. అప్పుడే వెనక తలుపు తీసుకుని మా ఆయన వచ్చాడు, నన్ను తీసుకెళ్లడానికి. కారు తాళాలు వేలికి తిప్పుతూ గోడకి ఆనుకున్నాడు. నేను ఎడమ చెయ్యి చీర కుచ్చిళ్లలో దాచుకున్నాను. నా పిల్లలిద్దరూ నాకు దక్కడం ఆ క్షణంలో ఆమె నోటి మాట మీద ఉంది.

ఆమె చెప్పడం మొదలుపెట్టింది. "షెడ్డులో తవుడు వాసన. ఆ పిల్ల ఓణీ పిండుకుంటూ నవ్వింది. నవ్వు వచ్చిన వైపు చెయ్యి చాచాను. ముఖం దొరికింది. ముద్దు పెట్టుకున్నాను. చూపు రావాలని నా నెత్తిమీద చేతులుంచి ప్రార్థన చేసినవాళ్లే తప్ప, నేను కావాలని నన్ను ముట్టుకున్న మనిషి అప్పటిదాకా లేదు."

ఇక వేలు రావాలి. ఆమె ఆగింది. "వాన తగ్గాక కూడా మేము బయటికి రాలేదు. అంతేనండీ, ఉంటాను" అని దిగిపోయింది.

వేలు వదిలేసింది.

వెనక వరసలో ఎవరో ఒక్కరు చప్పట్లు కొట్టారు. అధ్యక్షుడు గబగబా శాలువా తెమ్మన్నాడు. నేను వరండాలో ఆమెను పట్టుకున్నాను. చుట్టుపక్కల ఎవరూ లేరు.

"ఆ వేలు తీసెయ్యమంటే తీసేసేదాన్ని కదండీ" అంది. ఎవరూ లేకపోయినా మీరు అంది. "అడగలేదు. పైగా చదివి వినిపించేరు."

"పిల్లల గురించి భయమేసింది."

"నాకూ వేసిందండీ. కథ కింద పేరు నాది. ఇకమీదట స్కూలుకెళ్లేది నేను, చర్చికెళ్లేది నేను. మీ పేరు ఎక్కడుందండీ అసలు?"

ఆమె ఇందాక కథ చదివిన అమ్మాయిని పిలిచి, ఆటో దాకా రమ్మని అడిగి, ఆ అమ్మాయి మోచెయ్యి పట్టుకుని వెళ్లిపోయింది.

కారులో మా ఆయన నవ్వాడు. "మీ టీచరమ్మ గట్టిదే. పాపం, పెళ్లీ పెటాకులూ లేకపోతే ఇలాంటి ఆలోచనలే వస్తాయి. పిల్లల్ని ఆవిడకి మరీ అలవాటు చెయ్యకు." భీమడోలు దాటేదాకా నేను ఏమీ అనలేదు. దాటాక కూడా అనలేదు. ఆమె మంచిదనైనా అనలేకపోయాను. ఆమె నన్ను కాపాడిన గంటలోపే మళ్లీ ఆమెను వదిలేశాను, ఈసారి ఎవరూ అడగకుండానే.

ఇంటికొచ్చాక ఆమెకు ఫోన్ చేశాను. ఎత్తలేదు.

మర్నాడు ఆదివారం, ఆమె రావలసిన వారం. మా అత్తగారు గుడికి వెళ్లారు, మా ఆయన స్నానానికి వెళ్లాడు. పాపకు తొమ్మిదేళ్లు, బాబుకు ఆరు. ఇడ్లీ తింటూ పాప అడిగింది, "పెద్దమ్మ ఏ రైలుకొస్తారమ్మా?"

ఒంట్లో బాగాలేదట అని చెబుదామనుకున్నాను. నోటిదాకా వచ్చింది. మింగేశాను.

"రారు. నా మీద కోపం వచ్చింది."

"ఏం చేసేవు?"

"పెద్దమ్మ రాసుకున్న కథలో కొంత, తనకి చెప్పకుండా కొట్టేశాను. అడిగితే ఉందని అబద్ధం చెప్పాను."

బాబు నోరు తెరిచాడు. "కనపడదని మోసం చేసేవా?"

"అవును."

పాప ప్లేటు పక్కకు జరిపింది. "ఎందుకు కొట్టేసేవు? బాగోలేదా?"

బాత్రూంలో నీళ్ల చప్పుడు ఆగిపోయింది. నేను గొంతు తగ్గించాను, అయినా చెప్పాను.

"బాగుంది. అందులో నేనున్నాను, అందుకు."