ప్రొఫెసర్ కాని సారు, మలుపు పాట

అశ్వత్థనారాయణ సార్‌ని మీరు ఒక్కసారైనా కలిసి తీరాలి! పుదుచ్చేరిలో సైకిల్ హ్యాండిల్‌కి రెండు సంచులు, ఒకదాంట్లో పాత దస్తావేజుల నకళ్ళు, ఇంకోదాంట్లో వంకాయలు వేలాడుతూ కనబడితే అది ఆయనే. 1974 నుంచి కాలేజీలో చరిత్ర చెబుతున్నారు. మతం, జాతీయత ఆయన సబ్జెక్టు. వినడానికి బరువే గానీ, మొదటిరోజు క్లాసులో అడిగే ప్రశ్న ఒకటే: "మీ ఇంటి దేవుడు ఏ దేశస్థుడు?"

నవ్వొస్తుంది, జవాబు మాత్రం రాదు. ఒకప్పుడు ఫ్రెంచివాళ్ళు ఏలిన మా ఊళ్ళో ఒకే ఇంట్లో అన్న ఫ్రెంచి పౌరుడు, తమ్ముడు భారత పౌరుడు. ఇద్దరూ కలిసి మోసేది ఒకే పల్లకి. జెండా మారినా పల్లకి ఎందుకు ఆగలేదన్నదే సార్ పరిశోధన. ఆయనకో పట్టింపు ఉంది. ఎవరి గుడి గురించి రాస్తే ముందు వాళ్ళకి చెప్పాలి, ఆ తర్వాతే బయటివాళ్ళకి. అందుకే ఆయన అచ్చేసినవి తక్కువ, తాగిన కాఫీలు ఎక్కువ.

1983 వేసవిలో ఆయనకి ఫ్రెంచి సైనిక బ్యాండు వాళ్ళ స్వరాల కాగితం ఒకటి దొరికింది. సార్‌కి సంగీతం సున్నా. ఆయన భార్య ప్రేమ గారు కాన్వెంటులో పియానో నేర్చుకున్నారు. ఆమె ఆ కాగితం చూస్తూ హార్మోనియం మీద నాలుగు వరుసలు వాయించి ఠక్కున ఆగిపోయారు.

"ఏమండీ, ఇది మన అమ్మవారి మలుపు పాట కదా!"

ముత్తియాల్‌పేటలో దసరా ఊరేగింపు బజారు మలుపు తిరిగేటప్పుడు నాదస్వరంలో ఆ ఒక్క పాటే మోగుతుంది. అది అమ్మవారు కలలో ఇచ్చిన పాట అని అందరూ చేతులెత్తి మొక్కుతారు. తీరా చూస్తే అది ఫ్రెంచివాళ్ళ జాతీయ పండగ జూలై పద్నాలుగున ఫ్రెంచి సిపాయిలు కవాతు చేసిన బాణీ!

అప్పుడే కాలేజీలో ప్రొఫెసర్ పోస్టు ఖాళీ అయింది. ఈ ఒక్క వ్యాసం చాలు, కుర్చీ ఆయనదే. కానీ సార్ నేరుగా గుడి పెద్ద, సొంత మేనమామ ఆదికేశవులు గారి దగ్గరికెళ్ళి చెప్పేశారు. ఆయన పుదుచ్చేరిని భారతదేశంలో కలపాలన్న విలీన ఉద్యమంలో ఫ్రెంచి పోలీసుల దెబ్బలు తిన్న మనిషి.

"ఏందిరా నువ్వు చెప్పేది? నన్ను కొట్టినోళ్ళ పాటకా నేను ఇన్నేండ్లూ మొక్కింది?"

"పాట బాగుండాదా లేదా మామా?"

"బాగుండాది గాబట్టే కడుపు మండతా ఉండాది! నువ్వు అచ్చేస్తే వచ్చే ఏడాది పిల్లోళ్ళు పాట ఆపేస్తారు. వద్దప్పా."

"సరే, దసరాకి మలుపులో నేనే చెప్తా. వీధి ఒప్పుకుంటేనే అచ్చు."

"దసరా అక్టోబర్లో, నీ ఇంటర్వ్యూ ఆగస్టులో. బుర్రుండాదా నీకు?"

ఆగస్టులో కమిటీ అడిగింది, కొత్తగా ఏం కనిపెట్టారని. "కనిపెట్టాను. కానీ ఇప్పుడు చెప్పకూడదు" అన్నారు సార్. ఒకాయన నవ్వి, "దేశ రహస్యమా?" అన్నాడు. "వీధి రహస్యం సార్." అంతే, పోస్టు మద్రాసు నుంచి వచ్చినాయనకి వెళ్ళిపోయింది.

దసరా వచ్చింది. మలుపులో అమ్మవారిని ఆపించి, మైకు పట్టుకుని సార్ మొత్తం చెప్పారు. ఆదికేశవులు గారు తల దించుకున్నారు. నాదస్వరం కుప్పుస్వామి మాత్రం తాపీగా వాయిద్యం పీక తుడుచుకుంటూ అన్నాడు:

"తెలిసిందే కదా సార్. మా తాత ఆ బ్యాండు ఎనకాలే నడిచి నేర్చుకున్నాడు. వాళ్ళకంటే మనమే బాగా వాయిస్తామని చెప్పేటోడు."

"మరి నాకెందుకు చెప్పలేదురా?" అన్నారు ఆదికేశవులు గారు.

"మీరు యాడ అడిగినారయ్యా?"

పూలమ్మే పట్టమ్మాళ్ బుగ్గలు నొక్కుకుంది. "అయ్యో సారూ, దీనికా పెద్ద ఉద్యోగం పోగొట్టుకున్నావు? అమ్మ ఎంతసేపు నిలబడాల, జరగండి జరగండి!"

పాట మొదలైంది. ఆదికేశవులు గారు మొక్కలేదు, మొహం పక్కకి తిప్పుకుని విన్నారు. అయిపోగానే, "ఇంకోతూరి వాయించప్పా" అన్నది కూడా ఆయనే.

వ్యాసం మరుసటేడు అచ్చయింది, కుర్చీ మాత్రం తిరిగి రాలేదు. 1988 వచ్చినా సార్ ఇంకా లెక్చరరే. ఆగస్టులోనే చెప్పేసి ఉంటే వీధి ఏమీ అనుకునేది కాదు కదా సార్ అని ఒకసారి అడిగాను. "ఆ సంగతి నాకు అక్టోబర్లో కదా తెలిసింది" అన్నారాయన.

మీరే చెప్పండి. ఆగస్టులో, ఆ కమిటీ ముందు కూర్చుని ఉంటే, మీరైతే ఏం చేసేవారు?