అష్టమి నాటి పోటు

2007 నవంబరులో ఒక శుక్రవారం సాయంత్రం 4 గంటల 10 నిమిషాలకు మొదలైన నడక 4 గంటల 51 నిమిషాలకు ఆగిపోయింది. అనుకున్న దూరం 1,690 మీటర్లు, నడిచింది 720. అనుకున్న మజిలీలు పన్నెండు, నిలిచినవి ఐదు. నేనూ నా భార్యా కాక గుంపులో పద్నాలుగు మంది. ఆ దారిని కొలత చక్రంతో కొలిచింది నేను. మజిలీలకు సుద్దముక్కతో గుర్తులు పెట్టింది నేను. ఐదో మజిలీ దగ్గర నడకను ఆపిందీ నేనే.

ఆ నడక ఫ్రాన్స్‌లోని సాన్ మాలో అనే కోట రేవు పట్టణానిది. జరిగింది మాత్రం దుబాయ్ ఇంటర్నేషనల్ సిటీలో, ఫ్రాన్స్ పేరు పెట్టిన క్లస్టర్‌లో, మేము అద్దెకున్న ఆ బిల్డింగుల గుంపు చుట్టూ. నా భార్య దుబాయ్‌లోనే డేరా అనే పేటలో ఒక ట్రావెల్ ఆఫీసులో టికెట్ల కౌంటర్‌లో పనిచేసేది. వచ్చే వేసవి నుంచి మన కుటుంబాలను గుంపులుగా ఫ్రాన్స్ తీసుకువెళ్ళాలని ఆఫీసువారు అనుకున్నారు. అక్టోబరులో ఆమెను ఆరు రోజులు అక్కడికి పంపించి, ఊరు చూసి రమ్మన్నారు. గుంపు వెంట వెళ్ళి కథ చెప్పే మనిషి ఒక్కరే కావాలి. ఆ పనికి ఆమె కాక ఆఫీసులో మరో అమ్మాయి కూడా పోటీలో ఉంది. నమూనాగా ఒక నడక చేసి చూపిస్తే విని నిర్ణయిస్తానని మేనేజరు అన్నాడు. అతనికి నచ్చితే కౌంటర్ వెనక కుర్చీ వదిలి, ఏడాదికి నాలుగుసార్లు ఆ గోడల మీద నడిచే ఉద్యోగం ఆమెది.

ఆ ఊరు నిజానికి నాది. ఈ మాట ఎంత అన్యాయమో తెలిసే రాస్తున్నాను. నేను హైడ్రోగ్రాఫిక్ సర్వేయర్‌ని. సముద్రం ఏ గంటకు ఎంత లేచిందో, ఎంత దిగిందో కొలిచి రాయడం నా వృత్తి. కాకినాడలో డిప్లొమా చదివే రోజుల్లో మా పాఠ్యపుస్తకంలో పక్కపక్కన రెండు ఫొటోలు ఉండేవి. ఒకే కోటగోడ, ఆరు గంటల తేడా. మొదటిదానిలో పడవలు బురదలో ఒరిగి పడి ఉన్నాయి. రెండోదానిలో అవే పడవలు గోడ మెడ దాకా లేచి ఉన్నాయి. కింద సన్నని అక్షరాల్లో: సాన్ మాలో, పోటుకూ పాటుకూ మధ్య తేడా పన్నెండు మీటర్లు. మేము పనిచేసిన గల్ఫు తీరంలో ఒకటిన్నర మీటరు లేస్తే గొప్ప. పద్దెనిమిదేళ్ళు ఆ రెండు ఫొటోలు నా తలలో ఉన్నాయి. చివరికి ఆ గోడ మీద నిలబడింది, పోటుకూ పాటుకూ తేడా నన్నడిగి తెలుసుకున్న మనిషి.

ఆమె విమానం ఎక్కిన రోజున మూడు మీటర్ల చిన్న టేపు ఒకటి ఆమె సంచిలో వేశాను.

"ఇదెందుకండీ?" అంది.

"అంత దూరం వెళుతున్నావు, ఏదైనా కొలుచుకురా" అన్నాను. అది వెటకారమని ఆమెకు తెలియకపోదు. నవ్వి జిప్పు వేసుకుంది.

ఆమె అక్కడున్న ఆరు రోజులూ నేను ఉమ్ అల్ క్వైన్ ఖోర్‌లో, అంటే అక్కడి సముద్రపు పాయలో, ఒక చెక్క జెట్టీ మీద, పది నిమిషాలకొకసారి నీటి మట్టం రాసుకుంటూ ఉన్నాను. తిరిగొచ్చాక ఆమె మాటల్లో ఆ ఊరు 'మా గోడ', 'మా రేవు' అయింది. వెన్న బిస్కెట్ల డబ్బా తెచ్చింది, నేను ముట్టలేదు. అయినా దారి కొలిచి పెట్టమని అడిగితే కాదనలేదు. సాన్ మాలో ప్రాకారం చుట్టుకొలత రమారమి 1,750 మీటర్లు. మా క్లస్టర్ చుట్టూ కొలిస్తే దానికి అరవై తక్కువ వచ్చింది. ఆ అరవై మీటర్ల లోటు చూసి నాకు కలిగిన తృప్తిని ఇన్నేళ్ళ తర్వాత దాచడం అనవసరం.

శుక్రవారం సాయంత్రం అందరూ వచ్చారు. అందరూ మా బిల్డింగువాళ్ళే, మేనేజరు తప్ప. అతను హైదరాబాద్ కస్టమర్లతో పదేళ్ళు వేగిన మలయాళీ. తెలుగు అర్థమవుతుంది, జవాబు హిందీలో ఇస్తాడు. నా భార్య మడిచిన గొడుగును జెండాలా ఎత్తి పట్టుకుని ముందు నడిచింది. నేను అందరికంటే వెనక, చేతిలో గడియారంతో.

రెండో మజిలీ చెత్తడబ్బాల పక్కన. అక్కడి ఓడల యజమానుల గురించి చెప్పింది. శత్రువుల ఓడలను దోచుకోవడానికి రాజు వాళ్ళకు చీటీ రాసి ఇచ్చేవాడని, దోచినదాంట్లో రాజుకు వాటా ఉండేదని అంది.

మా ఎదురింటి జగిత్యాల ఆవిడ వెంటనే అందుకుంది: "గట్లనా! అంటే కఫీల్ ఉన్న దొంగలన్నట్టు!"

"అంతేనక్కా. యజమాని వీసా ఇచ్చిన దొంగలు."

"మరి మన కఫీల్ లెక్కనే పాస్‌పోర్టులు గుంజుకుంటుండెనా ఆ రాజు?"

అందరూ పడీపడీ నవ్వారు. మేనేజరు నవ్వు ఆపుకోలేక రుమాలు తీశాడు. ఆ చీటీలు ఏ శతాబ్దానివో ఆమె చెప్పలేదు. ఎవరూ అడగలేదు. అదే నాకు మింగుడు పడలేదు. నేను బిల్డింగు మీటింగుల్లో దశాంశ బిందువు తర్వాత రెండు స్థానాలు చెబితే ఆవలించే మనుషులు, ఈమె ఒక్క అంకె లేకుండా మాట్లాడుతుంటే నోరు తెరుచుకుని వింటున్నారు.

మూడో మజిలీలో, చీకటి పడగానే గోడల బయట కాపలాకు వదిలే వేట కుక్కలు. "ఇగ మనోళ్ళు నైట్ డ్యూటీ నుంచి ఎట్లొస్తరు అక్కా?" అంది జగిత్యాల ఆవిడ. నాలుగో మజిలీలో యుద్ధం. ఊరంతా కాలి కూలిపోతే, రాళ్ళు ఏరుకుని మళ్ళీ పాత రూపంలోనే కట్టుకున్నారని చెబుతూ నా భార్య మా బిల్డింగు గోడ మీద అరచెయ్యి ఆనించింది. మరుక్షణం పద్నాలుగు మందిలో తొమ్మిదిమంది గోడ మీద చేతులు పెట్టారు. లెక్కపెట్టాను. రెండేళ్ళ వయసున్న సిమెంటు పూత అది. అయినా వాళ్ళు కాలిన రాతిని తాకినట్టే తాకారు. పదిహేనేళ్ళుగా సముద్రాన్ని కొలిచిన నేను ఎవరి చేతా ఏదీ తాకించలేదు.

ఐదో మజిలీ పార్కింగ్ చివర. అక్కడి నుంచి బిల్డింగు పైకప్పు దాకా కనిపిస్తుంది.

"ఇప్పుడు మనం గోడ మీద ఉన్నాం. కింద సముద్రం" అంది. "ఇక్కడ నీళ్ళు పన్నెండు మీటర్లు లేస్తాయండీ. ఇదిగో, మన బిల్డింగు అంత. పొద్దున మనుషులు నడిచిన చోట మధ్యాహ్నానికి ఓడ తేలుతుంది."

అందరూ తలెత్తి పైకప్పు వంక చూశారు.

"నువ్వు చూసినవా అక్కా, నీళ్ళు లేసుడు?"

"చూశాను. మెట్ల మీద కూర్చుని చూశాను."

అప్పుడు నా నోటి నుంచి మాట వచ్చింది. గట్టిగా అనలేదు. కొలతలో తప్పు దొరికినప్పుడు సైటులో ఎలా చెబుతానో అలాగే చెప్పాను.

"నువ్వు అక్కడున్నది అష్టమికి అటూ ఇటూ. పన్నెండు మీటర్లు పౌర్ణమికో అమావాస్యకో గాని రావు. ఆ రోజుల్లో అందులో సగం కూడా ఉండదు."

మా వంటింటి గోడకు వేలాడే తెలుగు క్యాలెండరులో ఆ తిథిని ఆమె విమానం ఎక్కకముందే చూసి పెట్టుకున్నాను. నా పుస్తకంలోని రెండో ఫొటో ఆమెకు దొరకదని అప్పుడే తెలుసు. నెల రోజులుగా నాకున్న ఓదార్పు అదొక్కటే.

మేనేజరు ముందుకు వచ్చాడు. "హమారా గావ్ భీ సముందర్ కా హై" అన్నాడు మెల్లగా. అతనిదీ సముద్రం ఒడ్డు ఊరే. తిథి సంగతి విడమర్చి చెప్పనవసరం లేకపోయింది. "మేడమ్, బారహ్ మీటర్ ఆప్‌నే ఖుద్ దేఖా?"

"పన్నెండు చూడలేదు" అంది నా భార్య.

"కస్టమర్ భీ యహీ పూఛేగా" అన్నాడతను, రేపు కస్టమరూ ఇదే అడుగుతాడని. అందులో కోపం లేదు. గడియారం చూసుకున్నాడు.

జగిత్యాల ఆవిడ నా వైపు తిరిగింది. "అన్నా, నీకేం అడ్డమొచ్చింది? నీళ్ళు నీ ఇంట్ల లేస్తున్నయా?"

ఎవరూ నవ్వలేదు. నా భార్య గొడుగు దించి, వెనక దాకా నడిచి వచ్చి, దాన్ని నా చేతిలో పెట్టింది. "మిగతాది మా ఆయన చెబుతారండీ. నాకంటే ఆయనకే బాగా తెలుసు."

పద్నాలుగు మందీ నా వైపు తిరిగారు. మిగిలిన ఏడు మజిలీల కొలతలూ నాకు కంఠస్థం: గోడ ఎత్తు, గోడ ఎదుటి దీవికి ఎంత దూరం, అక్కడికి వెళ్ళే కాలిబాట ఎన్ని గంటలు నీటిపైన ఉంటుంది. గొడుగు ఎత్తి పట్టుకున్నాను. ఎక్కడ మొదలుపెట్టాలో తెలియలేదు. కాసేపటికి ఎవరో "ఖలాస్?" అన్నారు. ఇంకెవరో "యల్లా, పదండి, సమోసాలు చల్లారిపోతాయి" అన్నారు. అప్పుడు చూసుకున్నాను: 4 గంటల 51 నిమిషాలు.

మర్నాడు ఉదయం ఆమె తన నోట్‌బుక్కులోంచి ఒక కాగితం చింపి, చిన్న టేపుతో పాటు నా ముందు పెట్టింది. "ఇది మీది" అంది. పైన 'ఏడు' అని రాసి ఉంది. ఏడో మజిలీ.

'ఉదయం 9:40 నుంచి 12:10 దాకా. మునిగిన మెట్లు 19. ఒక్కో మెట్టు 17 సెం.మీ. (టేపుతో). పన్నెండు కాదు, మూడుంబావు కూడా లేదు. పన్నెండు కావాలంటే పౌర్ణమికి రావాలని గుంపుకు చెప్పాలి. ఆయన్ని ముందుకు పిలిచి, ఎందుకో ఆయన చేత చెప్పించాలి.'

"రెండున్నర గంటలు మెట్ల మీదే కూర్చున్నావా?"

"నాతో వచ్చిన వేరే ఆఫీసులవాళ్ళు మ్యూజియానికి వెళ్ళారు. అన్నాలకు కూడా వెళ్ళారు."

"మరి ఐదో మజిలీలోనే ఎందుకు చెప్పలేదు?"

"ముందు వాళ్ళు నోరు తెరవాలి కదండీ. తెరిచాక కదా నిజం చెప్పేది." కప్పు కడుగుతూ అంది. "మీరు ఇంకో రెండు మజిలీలు ఆగి ఉంటే సరిపోయేది."

నేను నా లాగ్ పుస్తకం తీశాను. అక్కడి 9:40 అంటే దుబాయ్‌లో 11:40. ఆమె మెట్లు లెక్కపెట్టిన ఆ రెండున్నర గంటల్లోనే ఉమ్ అల్ క్వైన్ జెట్టీ దగ్గర నేను రాసిన పెరుగుదల 31 సెంటీమీటర్లు. ఆమెది 323. అష్టమి నాటి నీటికి సరిగ్గా సరిపోయే కొలత. మా కంపెనీలో కొత్తవాడెవడైనా అలా తెస్తే మెచ్చుకునేవాణ్ణి. ఆ మాట ఆమెతో అనడానికి ఆ ఉదయం నోరు రాలేదు. తర్వాత అన్నాను. "అవునా" అంది.

ఉద్యోగం రెండో అమ్మాయికి వచ్చింది. 2008 చివర్లో మేము ఆ దేశం వదిలేదాకా నా భార్య కౌంటర్‌లోనే ఉంది. ఆ ఊరి గురించి ఎవరు అడిగినా "బాగుంటుంది" అనేది, అంతే.

ఖర్చులు: సమోసాలు, టీ కలిపి 46 దిర్హాములు. నడక కోసం ఆమె కొనుక్కున్న బూట్లు 140. సుద్దముక్కలు రెండు. కొలత చక్రం ఆఫీసుది, అద్దె లేదు.

నష్టాలు: ఉద్యోగం ఒకటి. నడవని దూరం 970 మీటర్లు. చెప్పని మజిలీలు ఏడు. వాటిలో ఒకటి కాగితం మీద నా దగ్గర ఉంది. ఆరు లేవు.