రెండో లాంతరు

ఎవరైనా ఒంటరిగా కనిపిస్తే మా బాబాయి ఓర్చుకోలేడు. అదే ఆయన జబ్బు. మంగలి షాపులో ఒక్కడే కూర్చుని ఉంటే, తన నెత్తిన నాలుగు వెంట్రుకలు లేకపోయినా సరే, పక్క కుర్చీ ఎక్కేస్తాడు. లిఫ్టులో ఎవరైనా ఒక్కరే వెళ్తుంటే పైదాకా తోడెళ్ళి, మెట్లు దిగి వస్తాడు. "ఒక్కరేనా?" అన్నది ఆయన ఊతపదం.

వృత్తి ఫ్రిజ్‌ల రిపేరు. ఓసారి మా పై అంతస్తులో, టైపు నేర్పి రిటైరైన మేడమ్ గారి ఫ్రిజ్ బాగుచేసి, మొహం వేలాడేసుకుని దిగాడు. భర్త పోయిన రెండేళ్ళుగా ఆవిడ ఎవరికీ తలుపు తీయడం లేదు. ఫ్రిజ్ చెడింది కాబట్టి ఈయనకు తీసింది.

"సింకులో ఒకటే కంచంరా," అన్నాడు. "నేనిలా రాగానే మళ్ళీ గడియేసుకుంది. ఆ ఫ్రిజ్ ఇంకో పదేళ్ళు చెడదు. నా పనితనమే నా కొంప ముంచింది!"

ఆ దిగులు మరవడానికేమో, ఒక పాత కంప్యూటర్ ఆట మీద పడ్డాడు. పాడుబడ్డ బంగళాలో లాంతరు పట్టుకుని ఒక్కడే తిరిగే ఆట. చేసినవాళ్ళే దాన్ని ఎప్పుడో వదిలేశారు. మొహాలైనా తెలియని నలుగురు అభిమానులతో కలిసి, అందులోకి రెండో మనిషి వచ్చేలా మాడ్ అనే సొంత అతుకొకటి వేశాడు.

"భయపెట్టడానికి చేసిన ఆట కదా బాబాయ్! ఇద్దరుంటే భయమెక్కడ?"

"భయపడ్డానికైనా తోడుండద్దూ?"

నా కంప్యూటర్లో ఎక్కించి, రోజూ మధ్యాహ్నం మూడింటికి ఆడి చూడమన్నాడు.

మొదటిరోజు హాల్లో నా అడుగుల చప్పుడే ఉంది. కాసేపటికి ఇంకెవరివో అడుగులు వినిపించాయి. వెనక్కి తిరిగితే మెట్ల దగ్గర రెండో లాంతరు. నేను ఆగితే ఆగింది. నడిస్తే రెండడుగుల వెనక నడిచింది. ఉలుకూ లేదు, పలుకూ లేదు.

ఫోన్ చేశాను. "బాబాయ్, నా వెనకాల ఉన్నది నువ్వేనా?"

"నేను ఫ్రిజ్ వెనకాల ఉన్నాన్రా. నువ్వు ఒక్కడివే లేవుగా? ఆడు!" అని పెట్టేశాడు.

నాలుగు రోజులు అదే తంతు. నేను గోడవైపు తిరిగి నిలబడితే అదీ గోడవైపే తిరిగి నిలబడేది. పట్టపగలు ఒళ్ళు జలదరించేది. ఐదో రోజు ఇక నావల్ల కాక లాంతరు ఆర్పేసి ఓ మూల నక్కాను. రెండో లాంతరు గది గదీ వెతికింది. చివరికి నా ముందుకొచ్చి ఆగింది. తెర మీద టకటకా, ఒక్క తప్పు లేకుండా అక్షరాలు పడ్డాయి.

"మీరు బతికే ఉన్నారా?"

కెవ్వుమన్నాను. మరుక్షణం సరిగ్గా నా నెత్తిమీద, పై ఇంట్లో, కుర్చీ దభీమని పడింది.

ఒక్క తప్పూ లేని ఆ టైపు ఎవరిదో అప్పుడు వెలిగింది. పరిగెత్తి తలుపు తట్టాను. "అమ్మా, కింది ఇంటివాణ్ణి. ఆ మొదటి లాంతరు నేనే!"

చాలాసేపటికి గడియ కదిలింది.

"నువ్వా నాయనా! దయ్యమనుకుని హడలిపోయాను. ఫ్రిజ్ చల్లదనం తనిఖీ అని వచ్చి ఆ మెకానిక్ మహానుభావుడు నా కంప్యూటర్లో ఈ ఆట పెట్టి, రోజూ మూడింటికి ఆడమని పోయాడు. లోపల ఎవరుంటారో చెప్పలేదు."

"దయ్యమనుకుంటే మరి రోజూ ఎందుకొచ్చారు?"

"ఏం చేయను? అంత కొంపలో ఆ దయ్యం ఒక్కటే తిరుగుతోందని జాలేసింది."

లోపల కూర్చుని ఇద్దరం కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వాం. ఇంతలో తలుపు చప్పుడైంది.

"ఎవరూ?"

"ఫ్రిజ్ మెకానిక్‌నమ్మా."

"ఒక్కరేనా?" అంటూ ఆవిడే వెళ్ళి తలుపు తీసింది.

ఆ ప్రశ్న బాబాయిని అడిగినవాళ్ళు అంతవరకూ లేరు.

"అవునమ్మా, ఒక్కణ్ణే," అన్నాడు. చెప్పులు అప్పటికే విప్పేశాడు.